రీఫ్రైడ్ బీన్స్ ఇంట్లో చేసుకోవాలంటే: తరచుగా అడిగే ప్రశ్నలు

రీఫ్రైడ్ బీన్స్ గురించి అడిగేవాళ్లలో ఎక్కువమంది "ఇంకా ఏం కలపాలి?" అనే అడుగుతారు. నా సమాధానం దాదాపు ప్రతిసారీ "ఏమీ కలపక్కర్లేదు" అనే. గింజలు, వాటిని ఉడికించిన నీళ్లు, కొవ్వు, ఉల్లిపాయ, ఉప్పు, అంతే. ఈ ఐదింటిని సరిగ్గా చూసుకుంటే వంట కుదురుతుంది, చూసుకోకపోతే ఎన్ని మసాలాలు వేసినా కుదరదు. కింద ఉన్న జవాబులన్నీ దాదాపు ఈ మాట చుట్టూనే తిరుగుతాయి.

అసలు ఇవేంటి? రెండుసార్లు వేయిస్తారా?

లేదు, వేయించడం ఒక్కసారే. రాజ్మా లాంటి గింజల్ని మెత్తగా ఉడకబెట్టి, ఉడికిన నీళ్లతో సహా వేడి కొవ్వులో వేసి, వేయిస్తూనే మెదుపుతారు. మెక్సికోలో వీటి పేరు ఫ్రిహోలెస్ రెఫ్రితోస్. అక్కడి ఇళ్లల్లో ఇది విడిగా కూర్చుని చేసే వంట కూడా కాదు. ముందు ఒక పెద్ద కుండ నిండా గింజలు ఉడికిస్తారు, ఆ రోజు వాటిని నీళ్లతో పాటే గిన్నెల్లో పోసుకుని తింటారు (వాటిని ఫ్రిహోలెస్ దె లా ఓయా అంటారు, కుండలో బీన్స్ అన్నమాట), మర్నాడు పొద్దున మిగిలినవి మూకుట్లోకి వెళ్లి రెఫ్రితోస్ అవుతాయి. అందుకే మీరు కూడా ఒకేసారి ఎక్కువ ఉడికించి పెట్టుకోండి, రెండు పూటలకు రెండు రకాలుగా వాడుకోవచ్చు.

ఇది మెక్సికోలో ఎప్పటినుంచో ఉన్న వంటేనా?

గింజలు చాలా పాతవి, వేల ఏళ్లుగా అక్కడ మొక్కజొన్న, గుమ్మడి, బీన్స్ మూడూ ఒకే చేలో కలిపి వేసేవాళ్లు. ఆ పద్ధతిని మిల్పా అంటారు, ఇప్పటికీ ఉంది. కానీ కొవ్వులో వేయించడం మాత్రం స్పెయిన్ వాళ్లు వచ్చాకే. స్పెయిన్ సేనాని కోర్తెస్ 1519లో దిగాడు, 1521లో అజ్తెక్‌ల రాజధాని తెనోచ్తిత్లాన్ పడిపోయింది, ఆ తర్వాత పందుల పెంపకం పెరిగి పందికొవ్వు వంటింట్లోకి వచ్చింది. అంతకుముందు అక్కడ ఉడకబెట్టడం, కాల్చడం, ఆవిరి మీద వండటమే ఎక్కువ. అంటే మనం చేసే ఈ వంటలో గింజ అక్కడిది, కొవ్వు బయటినుంచి వచ్చింది.

ఏ గింజలు వాడాలి?

మెక్సికోలోనే ఊరిని బట్టి మారుతుంది. ఉత్తరాన, అమెరికా సరిహద్దు వైపు, పింటో గింజలు: లేత గోధుమ రంగు మీద మచ్చలు, ఉడికాక మచ్చలు పోయి అంతా ఒకే రంగుకి వస్తుంది. పశ్చిమాన హలీస్కో వైపు పెరువానో అనే పసుపు గింజ ఇష్టపడతారు, చాలా వెన్నలా మెదుగుతుంది, తొక్క పల్చగా ఉంటుంది. మధ్య ప్రాంతంలో ఫ్లోర్ దె మాయో అనే గులాబీ రంగు గింజ. వెరాక్రూస్, వహాకా, యుకతాన్ లాంటి దక్షిణ, తూర్పు ప్రాంతాల్లో నల్ల గింజ లేకుండా పని జరగదు.

అమెరికాలో ఉన్న మన వాళ్లకి ఇవన్నీ మెక్సికన్ కొట్లలో దొరుకుతాయి. టెక్సస్‌లోనో కాలిఫోర్నియాలోనో ఉంటే మామూలు సూపర్ మార్కెట్లో కూడా పింటో సంచులు ఉంటాయి, ఇండియన్ స్టోర్ దాకా వెళ్లక్కర్లేదు. అవకాశం ఉంటే ఒకసారి పెరువానోతో చేసి చూడండి, నాకు అన్నిట్లోకీ అదే ఇష్టం.

హైదరాబాద్‌లో, విజయవాడలో పింటో దొరకట్లేదు. ఏం చేయాలి?

చిత్ర రాజ్మా కొనండి. తెల్లటి గింజ మీద ఎర్ర, గోధుమ రంగు మచ్చలుంటాయి. పింటోకి బాగా దగ్గరది, తొందరగా ఉడుకుతుంది, తొక్క మరీ మందంగా ఉండదు. రాజ్మా, పింటో, మెక్సికో నల్ల గింజ అన్నీ ఒకే జాతి మొక్క రకాలు, పుట్టిల్లు అమెరికా ఖండాలే, కాబట్టి ఇందులో మొహమాటపడాల్సింది ఏమీ లేదు. ముదురు ఎర్ర రాజ్మాతో కూడా చేయొచ్చు గానీ తొక్క మందం, మెదిపాక కూడా నోటికి తగులుతుంది.

మన దగ్గర అరకు, పాడేరు, చింతపల్లి మన్యంలో గిరిజన రైతులు రాజ్మా పండిస్తారు. ఆ కొత్త పంట మీ చేతికి దొరికితే వదలకండి. కొత్త గింజకీ, రెండేళ్లు గోడౌన్‌లో ఉన్న గింజకీ ఉడకడంలో ఉన్న తేడా ఇంకే చిట్కాతోనూ పూడదు.

బొబ్బర్లు, శనగలు, మినుములు పనికొస్తాయా?

తినడానికి బాగానే ఉంటాయి, కానీ ఆ రుచి రాదు. బొబ్బర్లకి వాటి మట్టివాసన వేరే, మెదిపితే కాస్త జిగురుగా వస్తాయి. శనగలు పొడిపొడిగా అవుతాయి. నల్ల బీన్స్ బదులు మినుములు వేద్దామనుకుంటే మాత్రం వద్దు, బంక సాగుతుంది. రాజ్మా ఏదో ఒక రకం ప్రతి ఊళ్లో దొరుకుతుంది కదా, దాంతోనే చేయండి.

కొలతలతో సహా పద్ధతి చెప్పండి.

నలుగురికి సరిపడా:

గింజలు 250 గ్రాములు. ఏరి, రెండుమూడుసార్లు కడగండి, రాళ్లు ఉంటాయి. దళసరి గిన్నెలో లీటరుంపావు నీళ్లు పోసి, ఒక ఉల్లిపాయని సగానికి కోసి ఒక ముక్క, తొక్క తీసిన వెల్లుల్లి రెబ్బ ఒకటి, చెంచాడు నూనె వేసి స్టవ్ మీద పెట్టండి. బాగా తెర్లాక ఒక పది నిమిషాలు పెద్ద సెగ మీదే ఉంచి, తర్వాత సెగ తగ్గించి, మూత కొంచెం వారగా పెట్టి ఉడకనివ్వండి. గంటన్నర నుంచి రెండున్నర గంటలు పట్టొచ్చు, గింజ పాతదైతే ఇంకా ఎక్కువ. నీళ్లు ఎప్పుడూ గింజల పైన రెండు వేళ్ల ఎత్తు ఉండాలి, తగ్గితే వేడినీళ్లే పోయండి. గింజలు మెత్తబడటం మొదలయ్యాక టీస్పూన్ పైన కొంచెం ఉప్పు. ఒక గింజ తీసి నాలుకతో అంగిలికి నొక్కితే చితికిపోవాలి. పలుకు తగిలిందంటే ఇంకా అవ్వలేదు. ఇక్కడ తొందరపడితే తర్వాత ఎంత మెదిపినా బాగుపడదు.

ఇప్పుడు వెడల్పాటి బాణలి, ఇనుపదైతే ఇంకా మంచిది. అందులో నాలుగు టేబుల్ స్పూన్ల కొవ్వు లేదా నూనె. మిగిలిన ఉల్లిపాయ సగాన్ని సన్నగా తరిగి మధ్యస్థం సెగ మీద వేయించండి. బంగారు రంగు దగ్గర ఆపకుండా ముదురు గోధుమ రంగు దాకా, అంచులు నల్లబడబోతున్నాయి అనిపించేదాకా వేయించాలి. ఇప్పుడు గింజల్ని గరిటెడు గరిటెడు చొప్పున, నీళ్లతో సహా వేయండి. చిటపటమని మీదకి ఎగురుతుంది, కాస్త వెనక్కి ఉండండి. వేసిన గరిటెడు కాస్త వేగాక పప్పుగుత్తితో మెదిపి, మళ్లీ ఇంకో గరిటెడు. అన్నీ అయ్యాక ఉడికిన నీళ్లు ఓ కప్పు పోసి, అడుగు గీకుతూ తిప్పుతూ దగ్గరపడేదాకా ఉంచండి. పది పదిహేను నిమిషాల పని. చివర్లో ఉప్పు చూసుకోండి, కాస్త తగ్గినట్టే ఉంటుంది ఎప్పుడూ.

రాత్రంతా నానబెట్టాలా?

మెక్సికోలో నానబెట్టేవాళ్లూ ఉన్నారు, నేరుగా కుండలో వేసేవాళ్లూ చాలామంది ఉన్నారు. నానబెడితే ఉడికే సమయం తగ్గుతుంది, గింజలు సమంగా ఉడుకుతాయి. నానబెట్టకపోతే ఉడికిన నీళ్లు చిక్కగా, రుచిగా వస్తాయి. నల్ల గింజల విషయంలో ఈ తేడా బాగా తెలుస్తుంది: నానబెట్టిన నీళ్లు పారబోస్తే రంగులో చాలా భాగం దాంతోనే పోతుంది, చివరికి బూడిద రంగు ముద్ద మిగులుతుంది. కాబట్టి నల్లవి నానబెట్టొద్దు. చిత్ర రాజ్మా, పింటో మీ ఇష్టం. ఎర్ర రాజ్మా మాత్రం తప్పనిసరిగా నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో ఉడికించండి. ఎందుకో కింద చెప్తాను.

కుక్కర్లో పెడితే రుచి పోతుందా?

పోదు. మెక్సికోలో కూడా చాలా ఇళ్లల్లో ఇప్పుడు ప్రెషర్ కుక్కరే. మట్టికుండలో, ఓయా దె బారో అంటారు, నిదానంగా ఉడికించినవాటికి ఒక వాసన ఉంటుంది, నిజమే, కానీ దానికోసం ఈ వంటే మానుకోవడం అన్యాయం.

నానబెట్టినవైతే మొదటి విజిల్ వచ్చాక సెగ బాగా తగ్గించి 15 నుంచి 20 నిమిషాలు. నానబెట్టనివైతే 40 నుంచి 45 నిమిషాలు. ఆవిరి దానంతటదే పోవాలి, విజిల్ ఎత్తి వదిలేస్తే గింజలు పగిలిపోతాయి, నీళ్లు పైకి చిమ్ముతాయి. కుక్కర్ సగానికి మించి నింపకండి, బీన్స్ నురగ కక్కుతాయి, ఆ నురగ వెళ్లి వెంట్‌లో ఇరుక్కుంటే ప్రమాదం. పైన చెప్పిన చెంచాడు నూనె నురగని కొంత ఆపుతుంది. మూత తీసాక వెంటనే బాణలిలోకి పోకుండా, మూత లేకుండా ఇంకో పది నిమిషాలు ఉడకనిస్తే నీళ్లు చిక్కబడతాయి.

ఎంతసేపు ఉడికించినా మెత్తబడట్లేదు. ఏంటి కారణం?

మూడు కారణాల్లో ఒకటి. మొదటిది, గింజ పాతది. వేడిలో, తేమలో ఎక్కువ నెలలు నిల్వ ఉన్న గింజ లోపల గట్టిపడిపోతుంది. రెండోది నీళ్లు. బోరు నీళ్లలో క్యాల్షియం, మెగ్నీషియం ఎక్కువగా ఉంటే గింజ తొక్కలోని పెక్టిన్ (తొక్కని గట్టిగా పట్టి ఉంచే పదార్థం) కరగదు, గంటలు గడిచినా పలుకుగానే ఉంటుంది. హైదరాబాద్‌లో బోరు మీద బతికే అపార్ట్‌మెంట్లలో ఈ సమస్య చాలా మామూలు. ఆర్వో ఫిల్టర్ నీళ్లు వాడండి, తేడా అదే రోజు కనపడుతుంది. మూడోది పులుపు: టమాటా, చింతపండు, నిమ్మరసం, వెనిగర్ ఏవైనా సరే గింజ మెత్తబడకముందు పడకూడదు.

అప్పటికే పొయ్యి మీద ఉండి టెన్షన్ పడుతుంటే, 250 గ్రాముల గింజలకి పావు టీస్పూన్‌కి మించకుండా వంటసోడా వేయండి. పనిచేస్తుంది. ఎక్కువైతే సబ్బు రుచి వస్తుంది, అందుకే అలవాటుగా వేయొద్దు.

ఉప్పు ముందే వేస్తే గింజలు గట్టిపడతాయంటారు కదా?

గట్టిపడవు. ఉప్పునీళ్లలో నానబెడితే తొక్క ఇంకా మెత్తబడుతుంది కూడా. నేను మధ్యలో వేయమంటున్నది వేరే కారణానికి: నీళ్లు ఇంకుతూ పోతాయి, మళ్లీ బాణలిలో ఇంకా ఇంకుతాయి, మొదట్లోనే నోటికి సరిపడా వేస్తే చివరికి ఉప్పుకల్లు అవుతుంది.

ఉడికిన నీళ్లు పారబోయాలా?

పారబోయకండి! ఈ పేజీలో ఒక్కటే గుర్తుపెట్టుకుంటానంటే ఇది గుర్తుపెట్టుకోండి. గింజల రుచి, రంగు, పిండిపదార్థం చాలావరకు ఆ నీళ్లలోకి దిగిపోయి ఉంటాయి. వడకట్టేసి, మామూలు నీళ్లు పోసి మెదిపితే వచ్చేది చప్పటి పిండిముద్ద. ఆ తర్వాత రుచి చాల్లేదని జీలకర్ర, కారం, చీజ్ ఒకదాని తర్వాత ఒకటి వేసుకుంటూ పోతారు. ఇంట్లో చేసినవి "ఏదో లోపించింది" అనిపించడానికి నేను చూసినంతలో పెద్ద కారణం ఇదే. డబ్బాలో వచ్చే మామూలు ఉడికించిన బీన్స్ వాడితే మాత్రం ఆ నీళ్లలో ఉప్పు ఎక్కువగా ఉంటుంది, సగం వాడి సగం మామూలు నీళ్లు కలుపుకోండి.

పందికొవ్వు లేకుండా కుదురుతుందా?

కుదురుతుంది. సంప్రదాయంగా వాడేది మాంటెకా, పందికొవ్వు కరిగించి తీసింది. దాని రుచి వేరు, అందులో అనుమానం లేదు, పంది మాంసం తినేవాళ్లు ఒక్కసారైనా దాంతో చేయాలి. కొవ్వు ముక్కలు తెచ్చి చిన్నగా కోసి, అరకప్పు నీళ్లు పోసి సన్న సెగ మీద కరిగిస్తే నీళ్లన్నీ ఆవిరై కొవ్వు తేలుతుంది, వడకట్టి ఫ్రిజ్‌లో పెట్టుకుంటే చాలా రోజులు ఉంటుంది. కానీ మెక్సికోలో కూడా ఇవాళ ఎన్నో ఇళ్లల్లో మామూలు వంటనూనెతోనే చేస్తున్నారు.

నూనెతో చేసేటప్పుడు కొవ్వు ఇచ్చే లోతుని ఉల్లిపాయ నుంచి రాబట్టాలి, అందుకే దాన్ని ముదురుగా వేయించమన్నాను. పొద్దుతిరుగుడు నూనె గానీ రిఫైండ్ వేరుశనగ నూనె గానీ బాగుంటుంది. గానుగ నువ్వుల నూనె వద్దు, దాని వాసనే మిగులుతుంది. నెయ్యి చాలామంది అడుగుతారు: రుచిగానే ఉంటుంది, కాకపోతే తినేటప్పుడు మెక్సికో గుర్తురాదు, మన పప్పే గుర్తొస్తుంది. పిల్లలకి పెట్టాలంటే సగం నెయ్యి సగం నూనె వేసుకోండి, నాకేం అభ్యంతరం లేదు.

నూనె తగ్గించొచ్చా అంటే, రెండు టేబుల్ స్పూన్ల దాకా. అంతకంటే తగ్గితే వేగదు, అప్పుడది ఉడికించి మెదిపిన బీన్స్ మాత్రమే.

జీలకర్ర, ధనియాలపొడి, గరం మసాలా, అల్లంవెల్లుల్లి?

వద్దు, వద్దు, వద్దు, వెల్లుల్లి మాత్రం ఒక రెబ్బ. జీలకర్రపొడి, వెల్లుల్లిపొడి వేయడం సరిహద్దుకి అమెరికా వైపు, టెక్సస్ వంటల్లో వచ్చిన పద్ధతి. పైన పసుపు చీజ్ కరిగించి పోయడం కూడా అటువైపుదే. దానికీ దాని అభిమానులు ఉన్నారు, తప్పేం కాదు. కానీ మెక్సికోలో మామూలు ఇంట్లో తినే రెఫ్రితోస్‌లో జీలకర్ర ఉండటం అరుదు. పోపు పెట్టాలని చెయ్యి లాగుతుంది, నాకు తెలుసు, మనకి పోపు లేని పప్పంటే ఏదో మర్చిపోయినట్టే ఉంటుంది. ఒక్కసారి ఆగి, ఉత్త ఉల్లిపాయ, ఉప్పుతో తిని చూడండి. రాజ్మా మసాలా చేసుకోవాలంటే మరో రోజు చేసుకోవచ్చు.

మరి కారం?

వేయొచ్చు, మితంగా. అక్కడ చిలె దె ఆర్బోల్ అనే ఎండుమిరపకాయని కొవ్వులో వేయించి, కొవ్వుకి ఘాటు పట్టాక కొందరు తీసేస్తారు, కొందరు ఉంచేస్తారు. మన గుంటూరు ఎండుమిరపకాయ ఒకటి అదే పని చేస్తుంది. మిరప మొక్కే మెక్సికో ప్రాంతాల నుంచి ప్రపంచమంతా పాకింది కాబట్టి అది ఇక్కడ పరాయిది కాదు. ఘాటు వద్దు, రంగు వాసన చాలంటే బ్యాడగి. పొగ వాసన ఇష్టమైతే డబ్బాల్లో వచ్చే చిపోత్లే మిరపకాయ ఒకటి మెదిపి వేయండి, అది పండు హాలపేన్యోని పొగబెట్టి ఎండబెట్టింది. అసలు కారం పక్కన సల్సాలో (మెక్సికన్ పచ్చడి) పెట్టుకుంటే బీన్స్ బీన్స్‌లా ఉంటాయి, ఎవరికి కావలసినంత వాళ్లు వేసుకుంటారు.

ఎపాసోతే అని ఏదో ఆకు వేయమంటున్నారు. అదేంటి?

ఘాటైన మందు వాసన ఉండే ఆకు, మధ్య, దక్షిణ మెక్సికోలో నల్ల బీన్స్ ఉడుకుతుండగా ఒక రెమ్మ వేస్తారు. గ్యాస్ తగ్గిస్తుందని అక్కడి నమ్మకం. వహాకాలో అవకాడో ఆకుని కాల్చి వేస్తారు, సోంపు వాసన వస్తుంది. అయితే అది మెక్సికన్ రకం చెట్టు ఆకు, ఏ అవకాడో చెట్టు ఆకు పడితే అది కోసి వేయకండి. అమెరికాలో మెక్సికన్ కొట్లలో రెండూ దొరుకుతాయి. ఇక్కడ దొరక్కపోతే కొత్తిమీరో వామాకో పెట్టి సరిపెట్టొద్దు, ఊరికే వదిలేయండి. చిత్ర రాజ్మాకి, పింటోకి అసలు అవసరమే లేదు.

పప్పుగుత్తి వాడాలా, మిక్సీ వేయాలా?

పప్పుగుత్తి. మెక్సికోలోనూ చెక్కతో చేసిన ఇలాంటి పనిముట్టే ఉంటుంది, మచకదోర్ అంటారు. చేత్తో మెదిపితే కొన్ని గింజలు పూర్తిగా నలుగుతాయి, కొన్ని సగం సగం ఉంటాయి, నోట్లో ఆ తేడా బాగుంటుంది. మరీ నున్నగా కావాలనుకునేవాళ్లు అక్కడ కూడా మిక్సీ వాడతారు, యుకతాన్‌లో అయితే నల్ల బీన్స్‌ని రుబ్బి వడగట్టి మరీ వేయిస్తారు, ఫ్రిహోలెస్ కొలాదోస్ అని పేరు. మిక్సీ వేస్తే గింజల్ని చల్లార్చాకే వేయండి, వేడిగా వేస్తే మూత ఎగిరి వంటిల్లంతా అవుతుంది, చేతులు కాలతాయి.

ఎప్పుడు దించాలో ఎలా తెలుస్తుంది?

హల్వా తిప్పేటప్పుడు గిన్నె వదలడం చూస్తాం కదా, అలా ముద్ద అంచుల దగ్గర బాణలిని వదలడం మొదలవుతుంది, గరిటెతో మధ్యలో గీత గీస్తే అడుగు కనిపించి నెమ్మదిగా మూసుకుంటుంది. అక్కడ దించేయండి. చల్లారేకొద్దీ ఇంకా గట్టిపడతాయి, కాబట్టి మీకు కావలసిన దానికంటే కాస్త పల్చగా ఉన్నప్పుడే స్టవ్ ఆపాలి. గట్టిపడితే ఉడికిన నీళ్లు రెండు గరిటెలు పోసి తిప్పండి, పల్చనైతే ఇంకాసేపు ఉంచండి. ఈ వంటలో ఈ దశ దాకా వచ్చాక పాడుచేయడం కష్టం, మాడితే తప్ప.

వెరాక్రూస్ వైపు నల్ల బీన్స్‌ని ఇంకా ముందుకు తీసుకెళ్తారు. బాణలి ఊపితే ముద్ద మొత్తం ఒక్కటిగా కదిలేదాకా వేయించి, చుట్టలా దొర్లించి పళ్లెంలో పెడతారు. దానికి కొవ్వు బాగానే పడుతుంది.

ఇవి తింటే గ్యాస్ వస్తుంది. తగ్గించే మార్గం ఉందా?

గింజల్లో రాఫినోస్, స్టాకియోస్ అనే చక్కెరలుంటాయి, వాటిని మన చిన్నపేగు అరిగించుకోలేదు, పెద్దపేగులో బ్యాక్టీరియా వాటిని పులియబెడితే గ్యాస్ పుడుతుంది. నానబెట్టి ఆ నీళ్లు పారబోస్తే ఆ చక్కెరలు కొంత తగ్గుతాయి. బాగా మెత్తగా ఉడికించడం కూడా మేలు. అలవాటు లేనివాళ్లు మొదటిసారే గిన్నెడు తినకుండా రెండుమూడు చెంచాలతో మొదలుపెట్టడం మంచిది. ఇంగువ వేయమంటారా అంటే నేను వద్దనే అంటాను, దాని వాసన మిగతా అన్నిటినీ కప్పేస్తుంది.

స్లో కుక్కర్లో (సన్న వేడి మీద గంటలకొద్దీ ఉడికించే కరెంటు కుక్కర్) రాత్రంతా వదిలేయొచ్చా? ఎర్ర రాజ్మా విషం అని ఎక్కడో చదివాను.

ఇది నిజంగా జాగ్రత్త పడాల్సిన విషయం. పచ్చి గింజల్లో ఫైటోహీమగ్లుటినిన్ అనే లెక్టిన్ (ఒక రకం ప్రోటీన్) ఉంటుంది, ఎర్ర రాజ్మాలో బాగా ఎక్కువ. సరిగ్గా ఉడకనివి నాలుగైదు గింజలు తిన్నా ఒకటి నుంచి మూడు గంటల్లో వాంతులు, విరేచనాలు పట్టుకోవచ్చు. కనీసం పది నిమిషాలు నీళ్లు బాగా తెర్లుతూ ఉడికితే అది నశిస్తుంది, అరగంట ఉడికిస్తే ఇంకా నిశ్చింత. స్లో కుక్కర్‌లో సమస్య ఏంటంటే కొన్నిట్లో వేడి 80 డిగ్రీలు కూడా దాటదు, ఆ వేడికి విషం పోకపోగా పెరగొచ్చు. కాబట్టి గింజల్ని కనీసం ఐదు గంటలు నానబెట్టి, ఆ నీళ్లు పారబోసి, కొత్త నీళ్లలో స్టవ్ మీద అరగంట తెర్లించాకే స్లో కుక్కర్లో వేయండి. ప్రెషర్ కుక్కర్‌లో పూర్తిగా ఉడికిస్తే ఈ భయం లేదు.

మీద ఏం చల్లాలి? కేసో ఫ్రెస్కో (మెక్సికోలో చల్లుకునే తాజా చీజ్) దొరకదు.

పనీర్‌ని చేత్తో పొడిపొడిగా చిదిపి కాస్త ఉప్పు కలపండి, కేసో ఫ్రెస్కోకి చాలా దగ్గరగా ఉంటుంది. మిచోవకాన్‌లోని కొతిహా ఊరి పేరు మీద వచ్చిన ఉప్పటి గట్టి చీజ్ కావాలంటే ఫెటా సరిపోతుంది. పిజ్జా మీద వేసే మోజరెల్లా సాగుతుందే తప్ప ఉప్పదనం ఇవ్వదు.

దేంతో తినాలి?

మొక్కజొన్న టోర్టియాతో (మెక్సికో వాళ్ల పల్చటి రొట్టె) తింటే ఇంకేం అక్కర్లేదు. ప్రోటీన్‌లో ఉండే భాగాల్లో మొక్కజొన్నలో లైసిన్ తక్కువ, బీన్స్‌లో మెథియోనిన్ తక్కువ, రెండూ కలిస్తే ప్రోటీన్ లెక్క సరిపోతుంది, పైగా ఎండు పింటో గింజల్లో నూరు గ్రాములకి సుమారు 21 గ్రాముల ప్రోటీన్, 15 గ్రాముల పీచు ఉంటాయి. మాంసం తిననివాళ్లకి ఇది చిన్న విషయం కాదు.

వేయించిన గట్టి టోర్టియా మీద పరిచి పైన క్యాబేజీ, సల్సా, చీజ్ వేస్తే తొస్తాదా. గుడ్ల పక్కన పొద్దున్నే పెడతారు. ఉత్తరాన సొనోరా, చివావాల్లో గోధుమపిండి టోర్టియాలో చుట్టి బురీతో చేస్తారు, మన చపాతీ కొంచెం పెద్దగా, పల్చగా ఒత్తితే పిల్లల లంచ్ బాక్స్‌కి చక్కగా పనికొస్తుంది. అన్నిట్లో తేలిక మొయేతెస్: బొలీయో అనే రొట్టెని మధ్యకి చీల్చి, బీన్స్ రాసి, చీజ్ వేసి కాల్చి, పైన వండని పండు టమాటా, ఉల్లిపాయ, పచ్చిమిర్చి ముక్కలు వేస్తారు. బేకరీ బన్‌తో చేయండి, సాయంత్రం పూట అద్భుతంగా ఉంటుంది. జొన్నరొట్టెతో తినొచ్చా అని తెలంగాణ వాళ్లు అడుగుతుంటారు, తప్పకుండా తినొచ్చు, వేడి రొట్టె మీద ఈ బీన్స్, పచ్చి ఉల్లిపాయ నాకు చాలా ఇష్టం.

రెస్టారెంట్లో, డబ్బాల్లో వచ్చేవి శాకాహారమేనా?

చాలాసార్లు కాదు. అమెరికాలో ఉన్న మన శాకాహారులు "బీన్సే కదా" అని నమ్మి తినేస్తుంటారు, అడగకుండా తినకండి. పాత పద్ధతిలో చేసే చోట పందికొవ్వు ఉంటుంది, కొన్ని చోట్ల చికెన్ బ్రాత్ (కోడి ఉడికించిన రసం) పొడి కూడా వేస్తారు, పక్కన పెట్టే ఎర్ర అన్నంలో అయితే అది చాలా మామూలు. "మాంటెకా ఉందా, చికెన్ బ్రాత్ ఉందా" అని రెండూ అడగండి. డబ్బా మీద "ట్రెడిషనల్" అని ఉంటే వెనక్కి తిప్పి లార్డ్ (పందికొవ్వు) అన్న మాట ఉందేమో చూడండి, "వెజిటేరియన్" అని విడిగా రాసినవి దొరుకుతాయి. వాటిలో ఉప్పు కూడా చూసుకోండి, బీపీ ఉన్నవాళ్లు మరీ.

ఎన్ని రోజులు నిల్వ ఉంటాయి?

చేసిన రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో పెడితే మూడు నాలుగు రోజులు. మన ఎండాకాలంలో బయట వదిలేస్తే సాయంత్రానికే పులుస్తాయి. ఫ్రీజర్‌లో రెండు మూడు నెలలు, ఒక పూటకి సరిపడా చిన్న చిన్న డబ్బాల్లో సర్దుకుంటే తీసుకోవడం తేలిక. వేడి చేసేటప్పుడు మైక్రోవేవ్ కంటే బాణలి మేలు, చెంచాడు నూనె, కాసిన్ని వేడినీళ్లు వేసి తిప్పితే మళ్లీ కొత్తగా చేసినట్టే అవుతాయి.

కొంచెమే మిగిలింది, ఎవరికీ సరిపోదు. ఏం చేయను?

ఎన్‌ఫ్రిహోలాదాస్ చేయండి. మిగిలిన బీన్స్‌లో వేడినీళ్లో, దాచుకున్న ఉడికిన నీళ్లో పోసి మజ్జిగంత పల్చన చేసి, ఒక వేయించిన ఎండుమిరపకాయతో మిక్సీ పట్టి, వేడి చేయండి. టోర్టియాలని వేడి నూనెలో అలా ముంచి తీసి, ఈ సాస్‌లో ముంచి, సగానికి మడిచి పళ్లెంలో పెట్టి, పైన ఉల్లిపాయ చక్రాలు, చిదిపిన పనీర్, ఉంటే కొంచెం క్రీమ్ వేయండి. అరకప్పు బీన్స్‌తో ఇద్దరికి టిఫిన్ అయిపోతుంది. టోర్టియాలు వేడిగా ఉన్నప్పుడే ముంచండి, చల్లారితే మడిచేటప్పుడు విరుగుతాయి.